విశ్వామిత్రుడి పెద్దకొడుకులు

మంట కాస్త ఎగదొయ్యరా, చలి కొరికేస్తోంది. మనవాళ్ళ పుట్టుక గురించి అడిగావు కదూ? ఆంధ్రుల పేరు మొట్టమొదట వినబడేది ఐతరేయ బ్రాహ్మణంలో. ఋగ్వేదానికి చెందిన గ్రంథం. అందులో ఏడో పంచికలో ఉందీ కథ.

హరిశ్చంద్రుడనగానే మీకు కాటిసీనే గుర్తొస్తుంది. ఇక్కడ హరిశ్చంద్రుడి కథ వేరు. 100 మంది భార్యలున్నా కొడుకు లేడు. నారదుడి మాట మీద వరుణుడికి మొక్కాడు, పుట్టిన కొడుకుని నీకే బలిస్తానని. రోహితుడు పుట్టాడు. వరుణుడు వచ్చి అడిగితే, పది రోజులు దాటనీ అన్నాడు రాజు. దాటాయి. పళ్ళు రానీ అన్నాడు. వచ్చాయి. పాలపళ్ళు ఊడనీ, మళ్ళీ మొలవనీ, కవచం తొడిగే ఈడు రానీ. కన్నతండ్రి అలా వాయిదాలు అడగడంలో నాకు తప్పు కనబడదు. తీరా ఈడొచ్చాక పిల్లాడు విల్లు పట్టుకుని అడవికి పోయాడు. వరుణుడి కోపానికి రాజుకి జలోదరం పట్టింది.

ఏళ్ళ తరబడి తిరిగాక రోహితుడికి అడవిలో అజీగర్తుడు కనిపించాడు. తిండి లేక మాడిపోతున్నాడు, ముగ్గురు కొడుకులు. నాకు బదులు ఒకణ్ణి ఇవ్వు, 100 ఆవులిస్తానన్నాడు రోహితుడు. పెద్దవాణ్ణి ఇవ్వనన్నాడు తండ్రి. చిన్నవాణ్ణి ఇవ్వనంది తల్లి. నడిపివాడు శునశ్శేపుడు, వాడి కోసం నోరు విప్పిన వాళ్ళు లేరు. యాగశాలలో వాణ్ణి యూపస్తంభానికి కట్టడానికి ఎవరికీ చేతులు రాలేదు. ఇంకో 100 ఆవులు పుచ్చుకుని తండ్రే కట్టాడు. నరకడానికీ ఎవరూ కదల్లేదు. మరో 100 పుచ్చుకుని కత్తి నూరుకుంటూ ఆ తండ్రే వచ్చాడు. ఎన్నిసార్లు తలుచుకున్నా ఇక్కడ నా గుండె ఆగుతుందర్రా.

పిల్లాడు దేవతలందర్నీ వేడుకున్నాడు. ఉషస్సును కొలుస్తుంటే ఒక్కో ఋక్కుకీ ఒక్కో కట్టు ఊడింది, రాజు పొట్టా తగ్గుతూ వచ్చింది. అప్పుడు తండ్రి ఇంటికి రమ్మన్నాడు. వాడు పోలేదు. యాగం చేయిస్తున్న విశ్వామిత్రుడి ఒడిలో కూర్చున్నాడు. ఆయన వాడికి దేవరాతుడని పేరు పెట్టి, నా కొడుకులందరికీ నువ్వే పెద్దవన్నాడు.

విశ్వామిత్రుడికి 101 మంది కొడుకులు. నడిమివాడు మధుచ్ఛందసుడు. వాడూ, వాడి తరవాతి 50 మందీ సరేనన్నారు. పైనున్న 50 మంది ఒప్పుకోలేదు. పొద్దున వచ్చినవాణ్ణి సాయంత్రానికి అన్నగారని ఎలా పిలుస్తారు? వాళ్ళ బాధ నాకు తెలుస్తోంది. తండ్రికి మాత్రం కోపమొచ్చింది. మీ సంతతి పొలిమేరలు పట్టిపోతుందని శపించాడు. వాళ్ళే ఆంధ్రులు, పుండ్రులు, శబరులు, పులిందులు, మూతిబులు అని ఆ గ్రంథం చెబుతుంది.

రాజసూయంలో కొత్త రాజుకి ఈ కథ వినిపించేవారు, చెప్పినవాడికి వెయ్యి దక్షిణ. చెప్పినవాళ్ళు ఉత్తరాదివాళ్ళు. వింధ్యకి ఇవతలి జనం వాళ్ళకి పొలిమేర జనమే. అయినా ఒకటి చూడండి. బయటివాళ్ళని తోసేస్తూ కూడా గాయత్రి ద్రష్ట విశ్వామిత్రుడి కన్నబిడ్డలన్నారు, అదీ పెద్దకొడుకులన్నారు. చుట్టరికం తెంచలేదు. అశోకుడి పదమూడో శాసనంలోనూ ఆంధ్రులూ పులిందులూ పక్కపక్కనే ఉంటారు.

రాజులకి మాత్రం ఈ వంశం రుచించలేదు. నాగార్జునకొండ రాజులు ఇక్ష్వాకు పేరు పెట్టుకున్నారు. రాజరాజనరేంద్రుడు చంద్రవంశం తనదన్నాడు, పాండవులు తన పూర్వులని నన్నయ చేత భారతం మొదలెట్టించాడు. కాకతీయుల వర్ణం చెప్పిన శాసనాలు చాలావాటిలో నాలుగో వర్ణమని ఉంది. దాంతో ఓరుగల్లు ప్రాభవానికి వచ్చిన లోటేమీ లేదు.

నాకు ఈ కథలో అన్నిటికన్నా ముఖ్యం శబరుల పేరు. మన శ్రీకాకుళం, మన్యం కొండల్లోని సవరలు ఆ శబరులేనని పెద్దలంటారు. ఆ లెక్కన వాళ్ళు మనకి తోడబుట్టినవాళ్ళు. సంతకి చింతపండూ కొండచీపుళ్ళూ తెచ్చిన సవరని ఏరా అని పిలిచేవాళ్ళని చూశాను, ఒళ్ళు మండిపోయేది. గిడుగు రామమూర్తి పంతులుగారు అలా చెయ్యలేదు. పర్లాకిమిడిలో ఉండి వాళ్ళ భాష నేర్చుకున్నారు, వాళ్ళ పిల్లలకి ఆ భాషలోనే చదువు చెప్పించారు, సవర నిఘంటువు కట్టారు. మీరూ ఈసారి సంతకెళ్తే అన్నా అని పిలవండర్రా, బేరమాడకుండా కొనుక్కురండి.