రోడ్ రాష్‌ని మళ్లీ చేస్తే

రీమేక్ అనగానే కంపెనీలు ముందు తళతళలాడే రోడ్డు చూపిస్తాయి. రోడ్ రాష్‌కి కావలసింది అది కాదు.

ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ ఈ ఆటని 1991లో సెగా జెనెసిస్ కోసం తెచ్చింది. 1994లో త్రీడీఓ మీద కొత్త రూపంలో వచ్చింది, అదే 1996లో విండోస్‌కి చేరింది. మన ఊళ్లకి వచ్చింది ఈ చివరిదే. న్యాల్‌కల్ నుంచి జహీరాబాద్‌కి బస్సెక్కి వెళ్లి, కంప్యూటర్ సెంటర్లో ఎమ్మెస్ ఆఫీస్ నేర్చుకోవాల్సిన గంటలో నేను ఆడింది అదే.

అయితే నేనాడిన కాపీలో పాటలు లేవు, వీడియోలు లేవు. సైజు తగ్గించడానికి ఎవరో కోసేశారు. అందులో సౌండ్‌గార్డెన్ పాటలున్నాయని ఇంజనీరింగ్‌లో చేరాక గానీ తెలియలేదు. నాకు రోడ్ రాష్ అంటే ఇంజను రొద, దెబ్బల చప్పుడు, అంతే. మరి రీమేక్ ఏ ఒరిజినల్‌ని పట్టుకోవాలి?

పాటలు పోయినా ఆట నిలబడిందంటే దాని ప్రాణం ఇంకెక్కడో ఉన్నట్టే కదా. నా లెక్కలో అది పడిపోవడంలో ఉంది. గుద్దుకున్నాక మనిషి ఓ చోట, బండి ఓ చోట. లేచి, ఎదురొచ్చే కార్లని తప్పించుకుంటూ పరుగెత్తి బండి అందుకోవాలి. ఈలోగా మనం తన్నినవాళ్లంతా ఒక్కొక్కరే దాటిపోతుంటారు. పోలీసు వెనకే ఉన్నాడా, దొరికిపోయినట్టే, జరిమానా కట్టాలి. 2008లో వచ్చిన గ్రిడ్ ప్రమాదాన్ని వెనక్కి తిప్పుకునే సౌకర్యం ఇచ్చింది. మంచి సౌకర్యమే, ఒప్పుకుంటాను. కానీ రోడ్ రాష్‌లో అది పెడితే ఆ పరుగు పోతుంది, పరుగుతో పాటు సిగ్గూ పోతుంది.

రెండోది పగ. ఇక్కడ పోటీదారులకి పేర్లున్నాయి, మొహాలున్నాయి. కర్ర లాక్కున్నది ఎవరి దగ్గరో తెలుస్తుంది. 2017లో ఇదే బాటలో వచ్చిన రోడ్ రిడెంప్షన్‌లో కత్తులూ తుపాకులూ పెరిగాయి గానీ ఎవడి మీదా కోపం రాలేదు నాకు. 2005 నాటి నీడ్ ఫర్ స్పీడ్ మోస్ట్ వాంటెడ్‌లో రేజర్ మన బీఎండబ్ల్యూ కొట్టేస్తాడు, ఆట మొత్తం ఆ కడుపుమంటే. 2012లో అదే పేరుతో మళ్లీ చేసినప్పుడు కార్లు మిగిలాయి, రేజర్ లేడు.

ఎలక్ట్రానిక్ ఆర్ట్స్‌కి హైదరాబాద్‌లోనూ స్టూడియో ఉంది. అక్కడ నా వయసువాళ్లు, నాలాంటి కాపీలే ఆడినవాళ్లు, కొందరైనా ఉండే ఉంటారు. రీమేక్ అంటూ జరిగితే సౌండ్‌గార్డెన్‌ని తప్పకుండా తేవాలి. దాంతో పాటు ఒక మోడ్ కూడా పెట్టాలి: వీడియోలు లేకుండా, పాటలు లేకుండా, ఇంజను రొద మాత్రమే.