ఉప్పుకాగితం, చిత్రిక: కొయ్యపని పదాల చరిత్రలో రెండు ఘట్టాలు

ఇంటిలోపలి ద్వారబంధాలకు, కిటికీ చట్రాలకు రంగు వేయడం కంటె వాటిని రంగుకు సిద్ధం చేయడమే పెద్దపని. పెచ్చులూడిన పాతపొరను గీకాలి. మేకుల గుంతలను లప్పంతో పూడ్చి, అది ఆరిన తరువాత ముందు గరుకుకాగితంతోను, పిదప సన్ననిదానితోను రుద్దాలి. కాగితం వెనుక అంకె పెరిగినకొద్దీ రవ్వ సన్నగిల్లుతుంది. 80 గరుకు, 220 నునుపు. రుద్దడం కొయ్యచార వెంబడే సాగాలి. అడ్డంగా రుద్దిన గీతను రంగు దాచదు, ఎత్తిచూపుతుంది.

ఈ కాగితానికి మన వడ్రంగులు పెట్టుకొన్న పేరు ‘ఉప్పుకాగితం’. అంటించిన రవ్వ ఉప్పుపలుకులవలె ఉండడమే ఇందుకు కారణమని ఊహించవచ్చు. తమిళంలో ఇది ‘ఉప్పుత్తాళ్’, కన్నడంలో ‘ఉప్పుకాగద’. మూడుభాషల కూడలియైన కుప్పం ప్రాంతాన్ని దృష్టిలో ఉంచుకొని చూస్తే ఈ సామ్యం ఆసక్తికరం. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేనాటికి మదనపల్లె కడప జిల్లాలోనిది. పుంగనూరు జమీందారీ, కుప్పం ఉన్న కంగుంది జమీందారీ ఉత్తరార్కాటులోనివి. అంటే ఈ మూడుఊళ్ల పాలనాచరిత్ర ఒకటి కాదు. కనుక ‘చిత్తూరు మాండలికం’ అని ఒకేమాటతో సరిపుచ్చడం తొందరపాటే.

పదం ఎటునుండి ఎటు నడిచింది? ‘ఉప్పు’ మూడుభాషలకూ ఉమ్మడి ద్రావిడపదం. అది దిక్కు చెప్పదు. ఉత్తరపదం కొంత చెబుతుంది. పారసీకమూలమైన కాగితం తెలుగు, కన్నడాల్లో నిలిచింది; తమిళం ‘తాళ్’ను ఎన్నుకొంది. పదం మొత్తంగా ఎరువు రాలేదు, దాని వెనుకనున్న ఊహ మాత్రమే అనువదింపబడింది అనడానికి ఇది చాలును. గాజుకాగితం లండనులో 1833 నాటికి జాన్ ఓకీ చేతిలో పరిశ్రమగా మారింది. కాబట్టి ఈ పేర్లు బహుశా పందొమ్మిదో శతాబ్ది అనంతరపువి.

అంతకుముందు నునుపుకు ఆధారం బాడిస, ఉలి, చిత్రిక. ‘చిత్రిక పట్టడం’ అంటే కొయ్యను పైపొర లేచేలా తోసి చదును చేయడం. రచనను చెక్కి నునుపుచేయడం అనే లక్ష్యార్థం దీనికి సహజంగానే అబ్బింది. అయితే ఇటీవలి విమర్శవ్యాసాల్లో ‘పల్లెజీవితాన్ని చిత్రిక పట్టిన కథ’ వంటి ప్రయోగాలు విరివి. అక్కడ అర్థం చిత్రించడమే. ‘చిత్రం’తో ధ్వనిసామ్యం పనిముట్టును మరపించింది. (ఈ వ్యాసకర్త తొలి సెమినారు పత్రంలోనూ ఆ ప్రయోగమే ఉంది.) దీనిని తప్పని కొట్టివేయడం కంటె అర్థపరిణామంగా నమోదు చేయడం మేలు, కాని రెండర్థాలనూ ఒకే ఆరోపం కింద కలపరాదు. ఒకటి తీసివేయడం, మరొకటి చేర్చడం.

భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వాన 1962లో వచ్చిన మాండలిక వృత్తిపదకోశం వ్యవసాయపదాలతో మొదలైంది. ఆ శ్రేణిలో బూదరాజు రాధాకృష్ణ గృహనిర్మాణపదాలను చేపట్టారు. యంత్రపు రుద్దుడు వచ్చిన ఈ కాలానికి ఆ సేకరణను పొడిగించవలసి ఉంది. మదనపల్లె, పుంగనూరు, కుప్పాలలో వడ్రంగులనూ రంగుపనివారినీ వేరువేరుగా అడగడం అందుకు తొలిమెట్టు. ఎందుకంటే ఒకే కాగితాన్ని ఒకరు కొయ్యకోసం, మరొకరు లప్పంకోసం పట్టుకొంటారు.