కోర్టు ఉత్తర్వు ధిక్కరణ: చట్టం, గడువు, శిక్ష

న్యాయస్థానం ఇచ్చిన తీర్పును, డిక్రీని లేదా ఆదేశాన్ని ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘించడం, కోర్టుకు ఇచ్చిన హామీని తెలిసి తెలిసి తప్పడం సివిల్ ధిక్కరణ అని 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం నిర్వచించింది. న్యాయస్థానాన్ని అపకీర్తి పాలు చేయడం, న్యాయ నిర్వహణకు ఆటంకం కల్పించడం క్రిమినల్ ధిక్కరణ. సామాన్య ప్రజలకు ఎక్కువగా అవసరపడేది మొదటిదే.

ఇందులో ‘ఉద్దేశపూర్వకంగా’ అన్న పదమే కీలకం. ఉత్తర్వు సంగతి తెలియక జరిగిన లోపం ధిక్కరణ కాదు. కనుక ఉత్తర్వు ధ్రువీకృత నకలును సంబంధిత అధికారికి వెంటనే అందజేసి, రసీదు భద్రపరచుకోవాలి. అప్పీలు వేసినంత మాత్రాన ఉత్తర్వు అమలు ఆగదు. పై కోర్టు స్టే ఇస్తేనే ఆగుతుంది.

ఎక్కడ, ఎప్పటిలోగా?

రాజ్యాంగం 129వ అధికరణం సుప్రీంకోర్టుకు, 215వ అధికరణం హైకోర్టులకు ధిక్కరణను శిక్షించే అధికారమిచ్చాయి. కింది కోర్టుల ధిక్కరణను కూడా హైకోర్టే విచారిస్తుంది. కర్ణాటక, తమిళనాడు, ఒడిశా, మహారాష్ట్రలలోని తెలుగువారికి ఆయా రాష్ట్రాల హైకోర్టులే దిక్కు. చుట్టూ ఆంధ్రప్రదేశ్ ఉన్నప్పటికీ, పుదుచ్చేరిలో భాగమైన యానాం మద్రాసు హైకోర్టు పరిధిలోనిది. ఇంజంక్షన్ ఉత్తర్వును ఉల్లంఘిస్తే, దానిని జారీ చేసిన సివిల్ కోర్టే ఆస్తి జప్తు చేయవచ్చు, 3 నెలల వరకు సివిల్ జైలులో ఉంచవచ్చు.

ధిక్కరణ జరిగిన నాటి నుండి 1 సంవత్సరం లోపల పిటిషను వేయాలి.

శిక్ష

గరిష్ఠంగా 6 నెలల సాధారణ కారాగారవాసం, లేదా రూ. 2,000 జరిమానా, లేదా రెండూ. క్షమాపణ మనస్ఫూర్తిగా చెప్పినదని కోర్టు సంతృప్తి చెందితే శిక్ష రద్దు చేయవచ్చు.

గుంటూరు జిల్లా ఉదంతం

హైకోర్టు ఉత్తర్వును లెక్కచేయక 2014లో గుంటూరు జిల్లాలో ఒక తహసీల్దారు పేదల గుడిసెలను తొలగింపజేశారు. హైకోర్టు 2015లో ఆయనకు 2 నెలల జైలు శిక్ష విధించింది. 2025 మే నెలలో సుప్రీంకోర్టు జైలు శిక్షను సవరించి, అప్పటికి డిప్యూటీ కలెక్టరుగా ఉన్న ఆయనను తిరిగి తహసీల్దారు హోదాకు దించింది, రూ. 1 లక్ష జరిమానా విధించింది. గుడిసెలు పోయిన 11 సంవత్సరాలకు వచ్చిన తీర్పు ఇది.

ధిక్కరణ చర్య న్యాయస్థానం గౌరవాన్ని నిలిపేందుకు ఉద్దేశించినది. డిక్రీ అమలుకు అది ప్రత్యామ్నాయం కాదు. డిక్రీ ప్రకారం భూమి గాని, సొమ్ము గాని రాబట్టుకోవలసిన వారు సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ ఆర్డరు కింద అమలు పిటిషను వేరుగా దాఖలు చేయాలి.