లోలా కంటే ముందు పాడినవాళ్ళు

1957లో తజికిస్తాన్ రాజధాని దుషాంబేలో (అప్పట్లో దాని పేరు స్టాలినాబాద్) ఒక సరదా సినిమా తీశారు. పేరు ‘ఒక అమ్మాయిని కలిశాను’. లోలాది మంచి గొంతు, స్టేజి మీద పాడాలని ఆశ. నాన్న వద్దంటాడు. లోలాగా వేసింది రోజా అకోబిరోవా. ఆండ్రీ బబాయెవ్ కట్టిన పాట సోవియట్ దేశమంతా మోగింది. ఇంట్లో కాస్త గొడవ, కాస్త ప్రేమ, బోలెడు పాటలు. అంతే సినిమా.

పాడినందుకు ఆ పిల్లని చంపేస్తారేమో అన్న భయం చూసేవాళ్ళకి ఒక్క క్షణం కూడా కలగదు. ముప్ఫై ఏళ్ళ ముందు ఆ ప్రాంతంలో అది నిజమైన భయం.

అప్పటికి తజికిస్తాన్ ఇంకా ఉజ్బెక్ గణతంత్రంలో భాగమే, 1929లోగానీ విడిపోలేదు. ఆడవాళ్ళు వీధిలోకి వస్తే పరంజా వేసుకోవాలి. ఒళ్ళంతా కప్పే అంగీ అది, ముఖం ముందు గుర్రపు వెంట్రుకలతో నేసిన తెర. ఇక కెమెరా ముందుకి ఎవరొస్తారు? 1927లో తీసిన మూకీ ‘రెండో భార్య’లో ఉజ్బెక్ ఇల్లాలు అదోలత్‌గా వేసింది రా మెస్సెరెర్, రష్యానుంచి వచ్చిన యూదు నటి. (ప్రఖ్యాత బాలే నర్తకి మాయా ప్లిసెత్స్కయా తల్లి ఈవిడే.) స్థానిక స్త్రీ కష్టాల మీద తీసిన సినిమాకి స్థానిక స్త్రీ దొరకలేదన్నమాట.

అదే ఏడాది మార్చి 8న పార్టీ ‘హుజుమ్’ మొదలుపెట్టింది. హుజుమ్ అంటే దాడి. కూడళ్ళలో సభలు పెట్టి పరంజాలు తీయించి తగలబెట్టించారు. బాగానే ఉంది, కానీ సభ అయ్యాక ఆ ఆడవాళ్ళు వెళ్ళాల్సింది మళ్ళీ తమ ఇళ్ళకే. అక్కడ వాళ్ళకి కాపలా ఎవరు? చాలామంది హత్యకి గురయ్యారు. స్టేజి ఎక్కినవాళ్ళు అందరి కళ్ళలోనూ పడేవాళ్ళు కాబట్టి వాళ్ళకి ముప్పు ఇంకా ఎక్కువ.

తుర్సునొయ్ సయిదజీమొవా గాయని, నటి. 1928లో బుఖారాలో భర్త చంపేశాడు. ఆమెకి పదిహేడేళ్ళు. నూర్‌ఖొన్ యుల్దాషెవా ఫెర్గానా లోయలోని మర్గిలాన్ పిల్ల. ఆర్మీనియన్ నర్తకి తమారా ఖానుమ్‌తో కలిసి, ముఖం దాచుకోకుండా నాట్యం చేసింది. 1929లో సొంత ఊరికి వచ్చినప్పుడు సోదరుడే పొడిచేశాడు. ఆమెకి పదహారు.

తర్వాత జరిగింది నాకు ఇంకా ఇబ్బందిగా అనిపిస్తుంది. బతికున్నప్పుడు కాపాడలేని ప్రభుత్వం, పోయాక నూర్‌ఖొన్‌ని బాగా వాడుకుంది. కామిల్ యాషిన్ ఆమె పేరుతో సంగీత నాటకం రాశాడు. మర్గిలాన్‌లో విగ్రహం పెట్టారు. సోవియట్ యూనియన్ కూలిపోయాక ఆ విగ్రహాన్ని తీసేశారు. పెట్టినప్పుడు ఆమె పాత మతాన్ని ఎదిరించిన అమరురాలు, తీసేసినప్పుడు పాత ప్రభుత్వం వదిలివెళ్ళిన సామాను. ఆ పిల్ల ఎలా ఆడేది, ఏ పాటకి కాలు బాగా కదిలేది అన్న ఊసు రెండుసార్లూ రాలేదు.

బతికి బయటపడ్డవాళ్ళూ ఉన్నారు. దుషాంబేలో 1929లో మొదలై తర్వాత కవి లాహుతీ పేరు పెట్టుకున్న నాటకశాల, పదేళ్ళు తిరిగేసరికి ముహమ్మద్‌జాన్ కాసిమొవ్‌తో ‘ఒథెల్లో’ వేసింది. 1941లో తాష్కెంట్‌లోనూ ‘ఒథెల్లో’ వేశారు. ఒథెల్లో అబ్రోర్ హిదాయతొవ్, డెస్డిమోనా సారా ఇషాన్‌తురాయెవా. భర్త చేతిలో చనిపోయే భార్యగా సారా ఎన్ని రాత్రులు ఆ స్టేజి మీద పడిపోయిందో! తెర పడ్డాక లేచి ఇంటికెళ్ళేది. 1998 దాకా బతికింది. ఆమె పుట్టింది 1911లో, తుర్సునొయ్ పుట్టిన ఏడాదే.