డిప్యుటేషన్ మధ్యలో వెనక్కి పంపితే ఉద్యోగికి ఏ హక్కులుంటాయి?

మూడేళ్ల డిప్యుటేషన్ మీద వేరే శాఖకో, కార్పొరేషన్‌కో, బోర్డుకో వెళ్లిన ఉద్యోగి ఇల్లు మారతాడు, పిల్లల్ని అక్కడి స్కూల్లో వేస్తాడు. ఏడాది తిరగకుండానే ‘మాతృశాఖకు తిప్పి పంపుతున్నాం’ అని ఆర్డర్ వస్తే ఏం చేయాలి? చాలామంది నేరుగా కోర్టుకు పరుగెత్తి స్టే అడుగుతారు. ఎక్కువ కేసుల్లో అది దొరకదు. అలాగని ఉద్యోగికి హక్కులే లేవనుకోవడం కూడా తప్పే.

అక్కడే ఉంటాననే హక్కు లేదు

డిప్యుటేషన్ అంటే మూడు పక్షాల ఒప్పందం. పంపే శాఖ, తీసుకునే సంస్థ, ఉద్యోగి, ముగ్గురూ ఒప్పుకోవాలని సుప్రీంకోర్టు 1999లో ఉమాపతి చౌదరి కేసులో చెప్పింది. కానీ వెళ్లినంత మాత్రాన అక్కడ పాతుకుపోయే హక్కు రాదు. సీఆర్‌పీఎఫ్ నుంచి సీబీఐకి వెళ్లిన కునాల్ నందా తనను అక్కడే విలీనం చేసుకోవాలని కోరితే, డిప్యుటేషన్ మీద ఉన్నవారిని ఎప్పుడైనా మాతృశాఖకు పంపవచ్చని 2000లో సుప్రీంకోర్టు తేల్చింది. ఎన్నేళ్లు పనిచేసినా విలీనం హక్కు కాదు.

గడువు రాసి ఉంటే లెక్క వేరు

డిప్యుటేషన్ ఆర్డర్లో ‘తదుపరి ఉత్తర్వుల వరకు’ అని ఉందా, ‘మూడేళ్లు’ అని ఉందా అన్నది ముందు చూసుకోవాలి. గడువు స్పష్టంగా ఉన్నప్పుడు దాన్ని కుదించాలంటే పనికి తగకపోవడం, పనితీరు బాగోకపోవడం లాంటి సరైన కారణం ఉండాలని 2005లో వి.రామకృష్ణన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. గడువు రాయకపోయినా, దురుద్దేశంతో పంపితే ఆ ఆర్డర్‌ను సవాలు చేయొచ్చు. అయితే దురుద్దేశం ఉందని నిరూపించాల్సింది ఉద్యోగే. నోటిమాట చాలదు, కాగితాలు కావాలి.

మూడు నెలల నోటీసు

కేంద్ర ఉద్యోగులకు సిబ్బంది, శిక్షణ శాఖ 2010 జూన్ 17న ఇచ్చిన ఉత్తర్వులు వర్తిస్తాయి. వాటి ప్రకారం గడువుకు ముందే పంపాలంటే మాతృశాఖకూ, ఉద్యోగికీ కనీసం మూడు నెలల ముందు తెలపాలి. గడువు ముగిసిన వాళ్లకు ఇంకో జాగ్రత్త అవసరం. రాతపూర్వకంగా పొడిగింపు రాకపోతే ఆ రోజుతోనే రిలీవ్ అయినట్టు లెక్క. ‘ఫైలు పైన ఉంది, వచ్చేస్తుంది’ అన్న మాట నమ్మి ఆగిపోతే ఇబ్బంది పడేది ఉద్యోగే. రాష్ట్ర ఉద్యోగులు, ప్రభుత్వరంగ సంస్థల వాళ్లు తమ సొంత నిబంధనలు, ఆర్డర్లోని షరతులు చూసుకోవాలి.

శిక్షగా పంపితే

తిప్పి పంపడం మామూలుగా శిక్ష కిందకు రాదు. కానీ ఆరోపణలు మోపి, విచారణ లేకుండా, మచ్చ వేసి పంపితే కోర్టులు ఆర్డర్లోని మాటల వెనక ఏముందో చూస్తాయి. 1971లో కె.హెచ్.ఫడ్నిస్ కేసులో, పైకి మామూలుగా కనిపించిన రివర్షన్ నిజానికి శిక్షేనని సుప్రీంకోర్టు గుర్తించింది.

మాతృశాఖలో అసలు బలం

ఉద్యోగి గట్టిగా నిలబడగలిగేది ఇక్కడే. డిప్యుటేషన్లో ఉన్నా పర్మినెంట్ పోస్టు మీద లియన్ అలాగే ఉంటుంది. సొంత క్యాడర్లో సీనియారిటీ పోదు, ప్రమోషన్‌కు పేరు పరిశీలించాలి. ‘ఖాళీ లేదు’ అని మాతృశాఖ చేర్చుకోకపోతే ఊరుకోనక్కర్లేదు. జాయినింగ్ రిపోర్టు రాతపూర్వకంగా ఇచ్చి, తేదీ, ముద్రతో రశీదు తీసుకోవాలి. రిలీవ్ అయిన రోజుకూ, పోస్టింగ్ వచ్చిన రోజుకూ మధ్య జీతం అడగడానికి ఆ కాగితమే ఆధారం. అయితే డిప్యుటేషన్ అలవెన్సు మాత్రం ఆగిపోతుంది.

ఎక్కడికి వెళ్లాలి?

ముందు పై అధికారికి రాతపూర్వక వినతి ఇవ్వాలి. కేంద్ర ఉద్యోగులు ఆ తర్వాత కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్‌కు వెళ్లాలి. దీనికి హైదరాబాద్‌లో బెంచ్ ఉంది. 1985 చట్టం ప్రకారం తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు వేయాలి. వినతికి ఆరు నెలల్లో జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు పూర్తయిన నాటి నుంచి ఏడాది గడువు ఉంటుంది. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్‌లలో రాష్ట్ర ట్రైబ్యునళ్లు ఇప్పుడు లేవు కాబట్టి రాష్ట్ర ఉద్యోగులు ఆర్టికల్ 226 కింద హైకోర్టుకే వెళ్లాలి. కేంద్ర ట్రైబ్యునల్ పరిధిలోకి రాని ప్రభుత్వరంగ సంస్థల ఉద్యోగులదీ అదే దారి.

దగ్గర ఉంచుకోవాల్సినవి

డిప్యుటేషన్ ఆర్డర్, షరతుల కాపీ, పొడిగింపు ఉత్తర్వులు, రిలీవింగ్ ఆర్డర్, చివరి జీతం సర్టిఫికెట్, సర్వీస్ రిజిస్టర్ నమోదులు, లీవ్ శాలరీ, పెన్షన్ కంట్రిబ్యూషన్ చెల్లించినట్టు ఆధారాలు. చాలాసార్లు పెన్షన్ సమయంలో ఫైలు ఆగేది ఈ చివరి దాని దగ్గరే. అందుకే వెనక్కి వచ్చే రోజు కోసం చూడకుండా, డిప్యుటేషన్‌కు వెళ్లిన రోజు నుంచే ఈ కాగితాలన్నీ ఒక ఫైల్లో పెట్టుకోవడం మంచిది.