ఫాల్కన్ 9

అమెరికాకు చెందిన స్పేస్‌ఎక్స్ సంస్థ రూపొందించిన రెండు దశల రాకెట్; తొలి ప్రయోగం 2010లో. తొమ్మిది మెర్లిన్ ఇంజన్లున్న మొదటి దశే ఇందులో ఖరీదైన భాగం. దాన్ని సముద్రం పాలు చేయకుండా వెనక్కి దించుకోవడమే కక్ష్య చేరే ఖర్చు తగ్గడానికి ముఖ్య కారణం. రెండో దశ నుంచి విడిపోయాక మొదటి దశ కొన్ని ఇంజన్లను మళ్లీ మండించి వేగం తగ్గించుకుంటుంది. జాలీ రెక్కలతో దారి సరిదిద్దుకుంటూ, చివర్లో కాళ్లు చాపి నేలమీదో సముద్రంలోని డ్రోన్ నౌకమీదో నిలువుగా దిగుతుంది. 2015 డిసెంబరులో కేప్ కెనావెరల్‌లో తొలిసారి ఇలా దిగింది. ఒకసారి వాడిన దశ 2017 మార్చిలో మళ్లీ ఎగిరింది; తర్వాత కొన్ని దశలు ఒక్కొక్కటీ ఇరవైకి పైగా ప్రయోగాలు చేశాయి. తిరిగి రావడం ఒక్కటే చాలదు: స్పేస్ షటిల్ కూడా తిరిగొచ్చేదే, కానీ మరమ్మతులు దాని పొదుపునంతా మింగేశాయి. దిగడానికి ఇంధనం మిగుల్చుకోవాలి కాబట్టి ఫాల్కన్ మోసే బరువు కొంత తగ్గుతుంది. రెండో దశ మాత్రం ప్రతిసారీ కొత్తదే.