‘పరోయికియా’: పరదేశివాసము సంఘపు ఎల్లగా మారిన కథ

సంఘ చరిత్ర చదువు విద్యార్థులకు ‘పారిష్’ అను మాట తరచుగా ఎదురగును. దీనికి తెలుగులో అందరికిని ఒప్పుదలైన మాట లేదు. కతోలికులు ‘విచారణ’ అందురు, సి.ఎస్.ఐ. వారు ‘పాస్టరేటు’ అందురు. 1937లో అమెరికన్ బాప్తిస్టుల నుండి మెన్నొనైటు బ్రదరెన్ మిషన్ చేతికి వచ్చిన మా గద్వాల ప్రాంతములో ‘ఫీల్డు’ అనుటయే వాడుక.

మూలమైన గ్రీకు మాట ‘పరోయికియా’. ‘పర’ అనగా ప్రక్కన, ‘ఓయికోస్’ అనగా ఇల్లు. పౌరహక్కు లేకుండ ఒకరి ఊరిలో ప్రక్కన బ్రదుకువాడు ‘పరోయికోస్’. గ్రీకు పాత నిబంధనలో అబ్రాహాము, శారాను పాతిపెట్టుటకు హేతు కుమారులను చోటడుగుచు, తన్ను గూర్చి చెప్పుకొన్నది ఈ మాటనే (ఆది. 23:4). పేతురు విశ్వాసులను పిలిచినదియు దీనితోనే (1 పేతురు 2:11). రెండవ శతాబ్దములో పోలికార్పు హతసాక్ష్యమును గూర్చి వ్రాసిన స్ముర్న సంఘము, తాను స్ముర్నలో పరవాసిగా ఉన్న సంఘమని చెప్పుకొన్నది. అప్పటికి ఈ మాటలో సరిహద్దు లేదు.

లాటిన్‌లో ఇది ‘పరోకియా’ అయినది. ప్రభుత్వపు పనిమీద ప్రయాణించువారికి కట్టెలు, ఉప్పు సమకూర్చు రోమా ఉద్యోగి ‘పరోకుస్’ పేరు ఆ వర్ణక్రమములో కలిసినదని పండితులు చెప్పుదురు. మాకు ఈ పొరపాటు నచ్చినది.

మొదట పరోకియా అనగా బిషప్పు పాలించు ప్రాంతమే. డయొక్లేషియను సామ్రాజ్యమును పంచిన ‘డయోసిస్’ అను పాలనా విభాగపు పేరు క్రమముగా బిషప్పు ప్రాంతమునకు రాగా, పరోకియా పల్లెగుడికి దిగినది. 779లో షార్లమాన్ దశమభాగమును తప్పనిసరి చేయుటతో, ఏ ఇల్లు ఏ గుడికి చెల్లించవలెనో గీత గీయవలసి వచ్చెను. 1215లో నాల్గవ లాటెరన్ సభ, ప్రతివాడును ఏడాదికొకసారియైనను తన స్వంత గురువు నొద్దనే పాపములు ఒప్పుకొనవలెనని విధించినది. ఊరు లేనివాని పేరు ఈ విధముగా పొలిమేరకు పేరైనది. కతోలికుల ‘విచారణ’లో ఈ గీత కనబడదు, అది లాటిన్ ‘కూరా’, అనగా ఆత్మల బాగోగులు చూచుట, అను మాటకు దగ్గర. అన్నిటిలో అదియే మంచి మాటని మా అభిప్రాయము.

ధరూర్‌లో (జాతర జరుగు వికారాబాదు ధారూర్ కాదు) ఈ మాటను మేము పుస్తకములలోకంటె సంఘపు సభ్యుల పట్టీలో ఎక్కువగా నేర్చుకొంటిమి. జూరాల ఆనకట్ట మా మండలములోని రేవులపల్లి యొద్దనే యున్నను, ఇక్కడివారు కూలికై దూర పట్టణములకు వలసపోవుట ఆగలేదు. రెండేండ్లు చందా రానివారి పేర్లను మేమే ఎఱ్ఱసిరాతో కొట్టివేసితిమి. అట్లు కొట్టివేయబడిన ఒకని శవమును అతని భార్య ఊరికి తెచ్చినప్పుడు, పట్టీలో పేరు లేదని పెద్దలు సంఘపు సమాధుల దొడ్డిలో చోటిచ్చుటకు జంకిరి.

“అయ్యగారూ, ఆయన కూలికి పోయిండు గాని సంఘం ఇడిసి పోలే” అని ఆమె మాతో అన్నది.

సమాధి చీకటి పడిన తరువాత జరిగినది. పేరు మరల వ్రాయుటకు పట్టీలో ఆ పుటన ఖాళీ లేక, అంచున వ్రాసితిమి.